ఉద్యమ చిత్రీకరణ – భావప్రకటన స్వేచ్ఛ: జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి నేపథ్యంలో ఒక పరిశీలన

వ్యాససంగ్రహం

ప్రజా ఉద్యమాన్ని చిత్రీకరించడం, ఆ దృశ్యాన్ని ప్రదర్శించడం, దానిని భద్రపరచడం అనేవి మూడు వేర్వేరు దశలు. సినిమాకు సంబంధించిన భావప్రకటన స్వేచ్ఛ చర్చ మన దేశంలో ఎక్కువగా రెండో దశ చుట్టూ, అంటే సెన్సార్ చుట్టూ, సాగింది. పూర్వ వరంగల్ జిల్లాకు చెందిన జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి ప్రాంతాల ఉద్యమ చరిత్రను గమనిస్తే మొదటి దశలోనూ మూడో దశలోనూ జరిగిన నష్టమే ఎక్కువగా కనిపిస్తుంది. కెమెరా లేని కాలం, టెలివిజన్ కాలం, చేతిఫోను కాలం అనే మూడు కాలాలకు ఈ మూడు ప్రాంతాలను ఉదాహరణలుగా తీసుకొని, ఉద్యమ దృశ్యానికి చట్టం ఎంతవరకు రక్షణ ఇస్తున్నదో, ఎక్కడ మౌనంగా ఉన్నదో వివరించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: ఉద్యమ చిత్రీకరణ, డాక్యుమెంటరీ, భావప్రకటన స్వేచ్ఛ, సెన్సార్, దృశ్య సాక్ష్యం, తెలంగాణ సాయుధ పోరాటం, తెలంగాణ ఉద్యమం, మానుకోట.

1. ఉపోద్ఘాతం

తెలంగాణ ఉద్యమాల చరిత్రను అధ్యయనం చేసేవారికి పాట, కథ, నవల, ఆత్మకథ, కరపత్రం, పత్రికా వార్త ప్రధాన ఆధారాలుగా ఉన్నాయి. వీటి సేకరణ, పరిష్కరణ, విమర్శ విషయంలో తెలుగు పరిశోధన చాలా దూరం వచ్చింది. చలనచిత్ర దృశ్యాన్ని మాత్రం మనం ఇంకా ఆధారంగా కాక వినోదంగానో వార్తగానో చూస్తున్నాం. గత రెండు దశాబ్దాల ఉద్యమాలు మాత్రం ఎక్కువగా దృశ్యరూపంలోనే నమోదయ్యాయి. ఆ దృశ్యాలు లేకుండా ఈ కాలపు చరిత్రను రాయడం రేపటి పరిశోధకునికి కష్టం.

భారత రాజ్యాంగం 19(1)(ఎ) అధికరణ భావప్రకటన స్వేచ్ఛను, 19(1)(బి) అధికరణ ఆయుధాలు లేకుండా శాంతియుతంగా సమావేశమయ్యే స్వేచ్ఛను పౌరులకు ఇచ్చాయి. ఉద్యమ చిత్రీకరణ ఈ రెండింటి కూడలిలో ఉంటుంది. సభ జరుపుకోవడం ఒక హక్కు. ఆ సభను నలుగురికీ చూపడం మరొక హక్కు. మొదటిదానికి ఆటంకం కలిగినప్పుడు జరిగినదాన్ని లోకానికి తెలిపేది రెండోది. కాబట్టి దృశ్యం పోతే హక్కుకు జరిగిన భంగాన్ని రుజువు చేసే దారి కూడా మూసుకుపోతుంది.

ఇక్కడ పేర్కొన్న మూడు ప్రాంతాలూ 2016 అక్టోబరు 11న వేర్వేరు జిల్లాలయ్యాయి. వీటిలో ఒకటి తెలంగాణ సిద్ధాంతకర్త ఆచార్య కొత్తపల్లి జయశంకర్ పేరును ధరించింది.

2. జనగామ: కెమెరా లేని కాలం

1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య దొర మనుషుల తుపాకీ గుండుకు బలయ్యాడు. నేటి జనగామ జిల్లా దేవరుప్పుల మండలంలో ఉన్న ఈ గ్రామం నాడు విసునూరు దేశ్‌ముఖ్ ఏలుబడిలో ఉండేది. సాయుధ పోరాటాన్ని మలుపు తిప్పిన సంఘటనగా చరిత్రకారులు దీనిని పేర్కొంటారు. ఆ ఊరేగింపును చూపే చలనచిత్రం లేదు. కొమరయ్య స్మృతి పాటలో, స్తూపంలో, ఏటా జూలై 4న జరిగే సభల్లో నిలిచింది. పాలకుర్తిలో తన భూమి కోసం, పంట కోసం అదే దేశ్‌ముఖ్‌ను ఎదిరించిన చాకలి ఐలమ్మ విషయమూ అంతే.

నిశ్చల చిత్రాల పరిస్థితి కొంత మెరుగు. కమ్యూనిస్టు పార్టీ పత్రికల కోసం పనిచేసిన సునీల్ జానా తెలంగాణ పోరాటకారులను ఫొటోలు తీశారు. అయితే ఒక ఉద్యమం మొత్తానికి మిగిలిన ఛాయాచిత్రాలు కొద్దిపాటివే. ఆ లోటును కళారూపాలు పూరించాయి. కామారెడ్డిగూడెంలో భూమి కోసం దేశ్‌ముఖ్‌తో పోరాడి ప్రాణాలు కోల్పోయిన షేక్ బందగీ ఉదంతం సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రచించిన ‘మా భూమి’ నాటకానికి ప్రేరణగా ప్రసిద్ధం. ప్రజా నాట్యమండలి దళాలు కోస్తా జిల్లాల్లో దీన్ని విస్తృతంగా ప్రదర్శించాయి. మద్రాసు ప్రభుత్వం ఆ నాటకాన్ని నిషేధించింది. జనగామ పల్లెలో జరిగిన అన్యాయం నైజాం సరిహద్దు దాటి రంగస్థలం ఎక్కినప్పుడు, దానిని అడ్డుకోవడానికి బ్రిటిషు కాలపు నాటక నియంత్రణ పద్ధతులు సిద్ధంగా ఉన్నాయి.

మూడు దశాబ్దాల తరువాత అదే పేరుతో వచ్చిన చలనచిత్రం కథ వేరు. బి.నర్సింగరావు, జి.రవీంద్రనాథ్ నిర్మాతలుగా, గౌతమ్ ఘోష్ దర్శకునిగా 1979లో రూపొందిన ‘మా భూమి’ సినిమాకు కిషన్ చందర్ ఉర్దూ నవల ‘జబ్ ఖేత్ జాగే’ ఆధారం. బండి యాదగిరి పాటను గద్దర్ ఆ చిత్రంలో పాడారు. ఇది కల్పిత కథే అయినా తెలంగాణ పోరాటమంటే ఎలా ఉంటుందో తరువాతి తరాల మనసుల్లో దృశ్యంగా ముద్రించింది ఈ సినిమాయే. అసలు దృశ్యం లేనిచోట పునఃసృష్టి ఆ స్థానాన్ని తీసుకుంటుందనడానికి ఇది మంచి ఉదాహరణ.

పునఃసృష్టికి ఒక పరిమితి ఉంది. ఎవరిని కథానాయకునిగా నిలపాలో, ఎవరిని గుంపులో ఉంచాలో అందులో దర్శకుడే నిర్ణయిస్తాడు. స్త్రీ శక్తి సంఘటన 1986లో వెలువరించిన ‘మనకు తెలియని మన చరిత్ర’ ఈ పరిమితిని మౌఖిక కథనాలతో దాటింది. పోరాటంలో పాల్గొన్న స్త్రీలు తమ మాటల్లో చెప్పుకొన్న అనుభవాల్లో దళ జీవితంతోపాటు పసిబిడ్డల ఎడబాటు, పోరాట విరమణ తరువాత ఇంటికి తిరిగివచ్చినప్పటి ఒంటరితనం కూడా ఉన్నాయి. ఊరేగింపు వీధిలో నిలబెట్టిన కెమెరాకు ఇవి చిక్కేవి కావు. ఉద్యమ చిత్రీకరణ అంటే జెండాలను, జనసందోహాన్ని తీయడమే కాదనీ, ఉద్యమం ముగిసిన తరువాతి వాంగ్మూలం కూడా అందులో భాగమేననీ ఈ గ్రంథం నేర్పుతుంది.

3. ప్రదర్శన దశ: చట్టం, తీర్పులు

తీసిన చిత్రాన్ని బహిరంగంగా ప్రదర్శించాలంటే 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం కేంద్ర చలనచిత్ర ధ్రువీకరణ మండలి అనుమతి పత్రం ఉండాలి. వాడుకలో మనం సెన్సార్ బోర్డు అనేది దీనినే. పుస్తకానికి, పత్రికకు లేని ఈ ముందస్తు పరీక్ష సినిమాకు మాత్రమే ఎందుకన్న ప్రశ్నను సుప్రీంకోర్టు ముందుంచినది ఒక డాక్యుమెంటరీయే. నాలుగు మహానగరాల్లోని సంపన్నుల, పేదల జీవితాలను పక్కపక్కన చూపుతూ కె.ఎ.అబ్బాస్ తీసిన లఘుచిత్రం విషయంలో 1970లో తీర్పు వచ్చింది. ప్రేక్షకుని మీద చలనచిత్ర ప్రభావం ఇతర కళల కన్నా ఎక్కువ కాబట్టి ముందస్తు పరీక్ష రాజ్యాంగ విరుద్ధం కాదని ధర్మాసనం అన్నది. అయితే ఆ పరీక్షకు స్పష్టమైన ప్రమాణాలు ఉండాలని కూడా చెప్పింది.

ఉద్యమ చిత్రాలకు అంతకన్నా ఉపయోగపడిన తీర్పులు తరువాత వచ్చాయి. రిజర్వేషన్ల అంశంపై తీసిన తమిళ చిత్రం ‘ఒరే ఒరు గ్రామత్తిలే’ విషయంలో (ఎస్.రంగరాజన్ కేసు, 1989) సుప్రీంకోర్టు ఒక ముఖ్యమైన సూత్రాన్ని నిలబెట్టింది. చిత్రం ప్రదర్శిస్తే గొడవలు జరుగుతాయన్న బెదిరింపు ప్రదర్శనను ఆపడానికి కారణం కాదు. శాంతిభద్రతలు కాపాడడం ప్రభుత్వ బాధ్యత. ప్రమాదం ఊహాజనితం కాకుండా, ఆ మాటకు నేరుగా ముడిపడి, సమీపంలో ఉన్నదై ఉండాలి. భోపాల్ విషవాయు దుర్ఘటనపై తపన్ బోస్, సుహాసిని ములే తీసిన ‘బియాండ్ జెనోసైడ్’ను ప్రసారం చేయడానికి దూరదర్శన్ నిరాకరించినప్పుడు 1992లో సుప్రీంకోర్టు చిత్రకారుల పక్షాన నిలిచింది. ప్రభుత్వాన్ని విమర్శించడం ఒక చిత్రాన్ని తిరస్కరించడానికి కారణం కారాదన్నది ఆ తీర్పు సారం. ఆనంద్ పట్వర్ధన్ ‘వార్ అండ్ పీస్’కు సెన్సార్ కోరిన కత్తిరింపులను తోసిపుచ్చి, కోత లేకుండా ప్రదర్శించడానికి 2003లో బొంబాయి హైకోర్టు అనుమతించింది.

కాగితం మీది ఈ రక్షణ చిన్న చిత్రకారుని దాకా రావడం తేలిక కాదు. సెన్సార్ నిర్ణయంపై అప్పీలు వినే ప్రత్యేక ట్రిబ్యునల్‌ను 2021లో రద్దు చేశారు. ఇప్పుడు అప్పీలుకు హైకోర్టుకే వెళ్లాలి. వాణిజ్య చిత్ర నిర్మాతకు ఇది సాధ్యం కావచ్చు. జిల్లా కేంద్రంలో చందాలు పోగుచేసి చిత్రం తీసేవారికి లాయరు ఖర్చు చిత్రం ఖర్చును మించిపోతుంది.

చిత్రోత్సవాలకు ప్రభుత్వం చట్టంలోని 9వ సెక్షన్ కింద మినహాయింపు ఇవ్వవచ్చు. ఆ మినహాయింపు కూడా ఒక రకమైన నియంత్రణగా మారగలదు. హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయ పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల మరణానంతర ఉద్యమంపై పి.ఎన్.రామచంద్ర తీసిన డాక్యుమెంటరీకి 2017లో కేరళ అంతర్జాతీయ డాక్యుమెంటరీ ఉత్సవం సందర్భంగా కేంద్ర సమాచార ప్రసార శాఖ మినహాయింపు నిరాకరించింది. తెలుగు నేలపై జరిగిన ఉద్యమ చిత్రానికి అడ్డంకి తిరువనంతపురంలో ఎదురైంది. ఇక ఇంటర్నెట్‌లో పెట్టే చిత్రానికి సెన్సార్ పత్రం అక్కరలేదు. కానీ సమాచార సాంకేతిక చట్టం 69ఎ సెక్షన్, 2021 నాటి ఐటీ నియమాల కింద దానిని నిలిపివేసే అధికారం కేంద్రానికి ఉంది. ఒకప్పుడు చూపడానికి ముందు పరీక్ష. ఇప్పుడు చూపిన తరువాత తొలగింపు.

4. మహబూబాబాద్: టెలివిజన్ కాలం

సెన్సార్ పరిధిలోకి రాని మరో మాధ్యమం వార్తా టెలివిజన్. మలిదశ తెలంగాణ ఉద్యమం జనం కళ్లముందు నిలిచింది దాని ద్వారానే. 2010 మే 28న నాటి కడప లోక్‌సభ సభ్యుడు వై.ఎస్.జగన్మోహన్ రెడ్డి ఓదార్పు యాత్ర సందర్భంగా మహబూబాబాద్ రైల్వే స్టేషన్‌లో తెలంగాణవాదులకు, యాత్రను స్వాగతించడానికి వచ్చినవారికి మధ్య ఘర్షణ జరిగింది. రాళ్లు రువ్వుకున్నారు, కాల్పులు జరిగాయి, పలువురు గాయపడ్డారు. జగన్మోహన్ రెడ్డిని వంగపల్లి వద్దే పోలీసులు అదుపులోకి తీసుకోవడంతో యాత్ర మానుకోట చేరలేదు. ఆ రోజు స్టేషన్ దృశ్యాలు రాష్ట్రమంతటా ఇళ్లలోకి చేరాయి. ‘మానుకోట రాళ్లు’ ఉద్యమ పరిభాషలో ఒక ప్రతీకగా స్థిరపడింది.

కడవెండికీ మానుకోటకూ తేడా స్పష్టం. మొదటిదానికి దృశ్యం లేదు. రెండోదానికి దృశ్యాలు ఎన్నో ఉన్నాయి, కాని అవి ఎవరి అధీనంలో ఉన్నాయి? ఇక్కడ రెండు నిబంధనలను పక్కపక్కన పెట్టి చూడాలి. కేంద్ర ప్రభుత్వ అప్‌లింకింగ్ మార్గదర్శకాల ప్రకారం ఒక చానల్ తాను ప్రసారం చేసిన అంశాల రికార్డును 90 రోజులు ఉంచాలి. 1957 కాపీరైట్ చట్టం 37వ సెక్షన్ ప్రకారం ప్రసార సంస్థకు తన ప్రసారంపై హక్కు, ప్రసారమైన మరుసటి సంవత్సరం ఆరంభం నుండి 25 సంవత్సరాలు ఉంటుంది. అంటే 2010 మే నాటి మానుకోట ప్రసారంపై చానళ్ల హక్కు 2035 చివరి దాకా కొనసాగుతుంది. దానిని దాచి ఉంచవలసిన బాధ్యత మాత్రం ఆ ఏడాది ఆగస్టుతోనే తీరిపోయింది. సమీక్ష, విమర్శ, పరిశోధన వంటి అవసరాలకు న్యాయమైన వినియోగం కింద కాపీరైట్ చట్టం కొన్ని మినహాయింపులు ఇచ్చింది. కాని ఆ మినహాయింపును వాడుకోవాలన్నా ముందు దృశ్యం మిగిలి ఉండాలి కదా!

పుస్తకాల విషయంలో పరిస్థితి వేరు. 1954 నాటి చట్టం ప్రకారం దేశంలో ప్రచురితమైన ప్రతి గ్రంథం ప్రతిని కోల్‌కతా జాతీయ గ్రంథాలయానికి, మరికొన్ని గ్రంథాలయాలకు ప్రచురణకర్త అందజేయాలి. మూడు వందల ప్రతులు వేసిన కవితా సంపుటికి ఉన్న ఈ భద్రత లక్షలమంది చూసిన వార్తా ప్రసారానికి లేదు.

టెలివిజన్ దృశ్యంపై ప్రభుత్వ దృష్టి ఎలా ఉండేదో తెలిపే సందర్భం మరొకటి ఉంది. 2010 డిసెంబరు 30న శ్రీకృష్ణ కమిటీ సమర్పించిన నివేదికలో ఎనిమిదో అధ్యాయాన్ని రహస్యంగా ఉంచారు. దాన్ని బయటపెట్టాలని 2011 మార్చిలో జస్టిస్ ఎల్.నరసింహారెడ్డి ఇచ్చిన తీర్పుతో అందులో మీడియాను నియంత్రించే వ్యూహం గురించిన సూచనలు ఉన్నాయన్న సంగతి వెలుగులోకి వచ్చింది. ఉద్యమాన్ని నియంత్రించడానికి దాని దృశ్యాన్ని నియంత్రించడం ఒక మార్గంగా పాలనా యంత్రాంగం భావించిందనడానికి ఇది ఆధారం.

5. భూపాలపల్లి: చేతిలోని కెమెరా

2011 సెప్టెంబరు 13న మొదలై 42 రోజులు సాగిన సకల జనుల సమ్మెలో సింగరేణి కార్మికులు కీలక పాత్ర వహించారు. భూపాలపల్లి ఏరియాలోని కాకతీయ గనులు ఈ సింగరేణి పరిధిలోనివే. ఆ తరువాతి కాలంలో చేతిఫోను ప్రతి కార్మికుని చేతికీ వచ్చింది. ఉద్యమకారుడే చిత్రకారుడు కాగల స్థితి ఏర్పడింది. చానల్ వ్యాను రాని అటవీ గ్రామంలో పోడు భూముల వివాదం జరిగినా, ఓపెన్‌కాస్టు విస్తరణపై గ్రామసభలో వాగ్వాదం జరిగినా ఎవరో ఒకరు దాన్ని తీయగలరు.

ఈ సౌకర్యంతోపాటు తీసే దశలోనే చట్టపరమైన ప్రశ్నలు ముందుకు వచ్చాయి. బహిరంగ ప్రదేశంలో జరిగే నిరసనను, అక్కడ విధి నిర్వహిస్తున్న పోలీసులను చిత్రీకరించకూడదని నిషేధించే సాధారణ చట్టమేదీ లేదు. పోలీసు స్టేషన్ అధికార రహస్యాల చట్టం చెప్పే నిషేధిత ప్రదేశం కాదని 2022లో బొంబాయి హైకోర్టు నాగపూర్ ధర్మాసనం ఒక కేసులో తేల్చింది. అయితే ఆచరణలో ప్రభుత్వోద్యోగి విధులకు ఆటంకం కలిగించారన్న ఆరోపణ (భారతీయ న్యాయ సంహిత 221వ సెక్షన్), గుమిగూడడాన్ని నిషేధించే ఉత్తర్వు (భారతీయ నాగరిక సురక్షా సంహిత 163వ సెక్షన్) చిత్రకారుని ఆపడానికి ఆధారాలవుతాయి. కాబట్టి తీసేవారు దారికి అడ్డంగా నిలబడకుండా, పోలీసు చర్యకు కొంత దూరం పాటిస్తూ తీయడం వారి రక్షణకు అవసరం. గని ఆవరణలోకి వెళ్లాలంటే మాత్రం యాజమాన్యం అనుమతి ఉండాలి.

నేల మీది కెమెరాకు వర్తించే సూత్రం గాలిలోని కెమెరాకు వర్తించదు. 2021 డ్రోన్ నియమాలు గగనతలాన్ని ఆకుపచ్చ, పసుపు, ఎరుపు మండలాలుగా విభజించాయి. ఎరుపు మండలంలో కేంద్రం అనుమతి లేనిదే ఎగరవేయరాదు. 2023 అక్టోబరులో జయశంకర్ భూపాలపల్లి జిల్లాలోని మేడిగడ్డ ఆనకట్ట పిల్లర్లు కుంగాయి. 2024 జూలైలో ప్రతిపక్ష నాయకులు అక్కడికి వెళ్లినప్పుడు అనుమతి లేకుండా డ్రోన్‌తో దృశ్యాలు తీశారన్న ఫిర్యాదుపై మహదేవపూర్ పోలీసులు కేసు నమోదు చేశారు. ప్రజాధనంతో కట్టిన నిర్మాణాన్ని చూసే హక్కుకూ, దాని భద్రతకూ మధ్య గీత ఎక్కడ గీయాలన్న ప్రశ్నను ఈ కేసు మన ముందుంచింది.

6. దృశ్యంలోని మనిషి

భావప్రకటన స్వేచ్ఛ గురించి మాట్లాడేటప్పుడు చిత్రకారుని హక్కే ముందు గుర్తుకు వస్తుంది. దృశ్యంలో కనిపించే మనిషికీ హక్కు ఉంది. పోరాటానికి సాక్ష్యంగా తీసిన దృశ్యమే అందులో పాల్గొన్నవారిని గుర్తుపట్టి కేసు పెట్టడానికీ పనికి వస్తుంది. తెలంగాణ ఉద్యమకాలపు రైల్‌రోకో కేసులు కొన్ని రాష్ట్రం ఏర్పడిన పదేళ్లకు కూడా న్యాయస్థానాల్లో ఉన్నాయన్నది మరువరాదు. నాయకుని ముఖం లోకానికి తెలిసినదే. వెనుక నిలబడిన కూలి ముఖం, ఆశ్రమ పాఠశాల విద్యార్థి ముఖం అలాంటివి కావు.

అందువల్ల సమ్మతి అనేది ఉద్యమ చిత్రీకరణలో మర్యాద మాత్రమే కాదు, రక్షణ. మహబూబాబాద్ తండాల్లో లంబాడీలో, భూపాలపల్లి అటవీ గ్రామాల్లో కోయలో మాట్లాడే స్త్రీకి తెలుగులోనో ఇంగ్లీషులోనో అచ్చయిన కాగితం మీద వేలిముద్ర వేయించుకోవడం సమ్మతి అనిపించుకోదు. ఆమె భాషలో వివరించి, ఆమె మాటలోనే అంగీకారాన్ని రికార్డు చేయడం సరైన పద్ధతి. దృశ్యం ఎక్కడ చూపుతారో, తరువాత వద్దనుకుంటే ఎవరిని అడగాలో కూడా చెప్పాలి. చట్టంతో సంబంధం ఏర్పడిన పిల్లలను గుర్తించే వివరాలు వెల్లడించడాన్ని బాలల న్యాయ చట్టం 74వ సెక్షన్ నిషేధిస్తుంది. లైంగిక నేరాల బాధితుల విషయంలో భారతీయ న్యాయ సంహిత 72వ సెక్షన్ అలాంటిదే.

7. భద్రపరిచే దశ: దృశ్యం సాక్ష్యంగా నిలవాలంటే

ఉద్యమ దృశ్యం కోర్టులో నిలవాలంటే అది మార్పుచేర్పులకు లోనుకాలేదని చూపగలగాలి. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ ప్రకారం ఎలక్ట్రానిక్ రికార్డుతోపాటు ధ్రువపత్రం సమర్పించాలి. అందులో ఆ ఫైలు హాష్ విలువను పేర్కొనాలి. హాష్ విలువ అంటే ఫైలుకు గణిత పద్ధతిలో లెక్కగట్టిన వేలిముద్ర వంటిది; దృశ్యంలో ఒక్క చుక్క మారినా ఆ విలువ మారిపోతుంది. వాట్సాప్‌లో పంపిన వీడియో పరిమాణం తగ్గించేటప్పుడే మారిపోతుంది కాబట్టి అసలు ఫైలును ఫోను నుండి నేరుగా దాచుకోవాలి. వార్త వ్యాపింపజేయడానికి వాట్సాప్ ప్రతి చాలు. చరిత్రకు, న్యాయస్థానానికి అసలు ప్రతి కావాలి.

2009–2014 మధ్య తీసిన ఎన్నో దృశ్యాలు చిన్న టేపుల్లో, సీడీల్లో, పాత మెమరీ కార్డుల్లో ఉన్నాయి. టేపు తేమకు పాడవుతుంది. దాన్ని చదివే యంత్రాలు కూడా కరవవుతున్నాయి. ఈ స్థితిలో చేయదగిన పనులు పెద్ద ఖర్చుతో కూడినవి కావు. ప్రతి దృశ్యానికి తేదీ, స్థలం, తీసినవారు, సందర్భం, సమ్మతి వివరాలతో ఒక చీటీ రాయాలి. మూడు ప్రతులు చేసి, ఒకదానిని వేరే ఊరిలో ఉంచాలి. కోత వేయని మూల దృశ్యాన్ని, కూర్చిన చిత్రాన్ని వేర్వేరుగా దాచాలి. కాకతీయ విశ్వవిద్యాలయం, వరంగల్‌లోని జానపద గిరిజన విజ్ఞాన పీఠం వంటి సంస్థలు తాళపత్రాలను, జానపద గేయాలను సేకరించినట్లే ఉద్యమ దృశ్యాలనూ సేకరించవచ్చు. సమ్మతి లేని దృశ్యాలను కొంతకాలం మూసి ఉంచే నియమం కూడా అప్పుడే ఏర్పరచుకోవాలి.

8. ముగింపు

ఈ పరిశీలనలో తేలిన అంశాలు:

• సినిమాకు సంబంధించిన భావప్రకటన స్వేచ్ఛ తీర్పులు ప్రదర్శన హక్కును బలపరచాయి. తీసే హక్కు, దాచే బాధ్యత విషయంలో చట్టం చెదురుమదురుగానే ఉంది.

• కడవెండి సంఘటనకు దృశ్యం లేకపోవడంతో కళాత్మక పునఃసృష్టి, మౌఖిక కథనం దాని స్థానాన్ని తీసుకున్నాయి. ఈ రెండింటినీ పోల్చి చదవడం అవసరం.

• మానుకోట దృశ్యాలపై ప్రసార సంస్థలకు 25 ఏళ్ల హక్కు, 90 రోజుల బాధ్యత మాత్రమే ఉన్నాయి. పుస్తకాలకు ఉన్నట్లే వార్తా ప్రసారాలకూ ఒక ప్రజా నిక్షేపాగారం ఉండాలని కోరవలసి ఉంది.

• భూపాలపల్లి వంటి చోట చేతిఫోను చిత్రీకరణను సులభం చేసింది. దానితోపాటు కేసుల భయాన్ని, దృశ్యంలోని మనుషుల రక్షణ ప్రశ్నను కూడా తెచ్చింది.

• తెలుగు శాఖల్లో మౌఖిక సాహిత్య సేకరణకు ఉన్న క్షేత్ర పద్ధతులను దృశ్య సేకరణకు విస్తరింపజేయవచ్చు. ఉద్యమకాలపు టేపులు చదవడానికి వీలుండగానే ఈ పని మొదలుకావాలి. వాటిని తీసినవారు, వాటిలో కనిపించేవారు ఇంకా మన మధ్యనే ఉన్నారు కనుక వివరాలు వారినే అడిగి రాసుకోవచ్చు.